తెరకెక్కిన కుస్తీ

ఆమధ్య మైపాడు తీరాన పల్లెకారుల వాడలో గుడ్డ తెర కట్టి ‘నర్తనశాల’ వేశారు. కీచకవధ ముగియగానే పక్కనున్న ముసలాయన, “అయ్యవారూ, ఆ భీముడు నిజంగా వస్తాదేనా?” అని అడిగాడు. ప్రశ్న చిన్నదే. కాని కుస్తీకీ సినిమాకూ వున్న సంబంధమంతా అందులో యిమిడి వుంది.

సినిమా పుట్టిననాడే కుస్తీ దానికి సరుకయింది. 1895 నవంబరు 1న బెర్లిన్ వింటర్‌గార్టెన్‌లో స్క్లడనోవ్‌స్కీ సోదరులు టిక్కెట్టు మీద చూపిన కదిలే బొమ్మల్లో వొక కుస్తీ కూడా వుంది. అప్పటికింకా లూమియేర్ల పారిస్ ప్రదర్శన జరగలేదు. కళాభిరుచి యిందుకు కారణం కాదు. ఆనాటి బొమ్మ నిడివి కొద్ది సెకండ్లే. ఇద్దరు వొకేచోట పెనుగులాడే దృశ్యం అందులో చక్కగా పట్టింది. పైగా నగరాల వినోదశాలల్లో కుస్తీ అప్పటికే డబ్బు తెచ్చే ఆట.

డబ్బున్న చోటికే కెమేరా నడిచింది. 1910 సెప్టెంబరు 10న లండన్‌లో మన గామా ముందు పోలెండు మల్లుడు జ్బిస్కో రెండున్నర గంటలపాటు ఆత్మరక్షణతోనే గడిపాడు. వారం తరువాత తిరిగి గోదాలోకి రానేలేదు. 1928లో పటియాలాలో క్షణాల్లో వోడాడు. అయినా 1950లో జూల్స్ డాసిన్ తీసిన ‘నైట్ అండ్ ది సిటీ’లో వృద్ధ మల్లుడిగా శాశ్వతంగా నిలిచింది ఆ జ్బిస్కోయే. నాటకపు కుస్తీల వ్యాపారాన్ని అసహ్యించుకొని, నిజమైన పట్టు పట్టి ప్రాణం విడిచే పాత్ర అది. తీసిన డాసిన్‌నేమో హాలీవుడ్ కమ్యూనిస్టని వెలివేసింది.

ఇక మన సంగతి. ఛాతీ మీద ఏనుగును నిలిపిన వీరఘట్టం కోడి రామ్మూర్తి నాయుడు సర్కసు డేరాలో బతికి, 1942లో మరణించి, జనం నోట కథగా మిగిలాడు. తరువాతి తరం దండమూడి రాజగోపాలరావుకు 1963లో తెర మీద చోటు దొరికింది, భీముడి గదతో. ముసలాయన అడిగిన భీముడాయనే. వస్తాదు కాదు, దేశం తరపున బరువులెత్తిన వీరుడు. కండ నిజం, కాని ఆ కండను పెంచిన కసరత్తు కథలోకి రాలేదు. పురాణానికి పనికివచ్చినంత మేరకే తెర ఆ శ్రమను స్వీకరించింది.

ఫిల్ము దొరికినచోటే ఆగిపోయే చరిత్రకారుడు మార్కెట్టు రాసిన చరిత్రకే నకలు తీస్తాడు. మన విద్యార్థులు ముందుగా వూళ్ళలోని ముసలి వస్తాదుల దగ్గర కూర్చోవాలి. వాళ్ళు చెప్పేది రాసుకోవాలి.