కాలి సిరలో గడ్డ – ఇబ్నె నఫీస్ చెప్పిన దారి



మన ఇళ్ళలో బాలింతకు ఒక కాలు వాచితే చలి తగిలిందంటాము, లేకుంటే నజర్ తగిలిందంటాము. నూనె వెచ్చచేసి గట్టిగా మర్దన చేస్తాము. ఆ వాపు వెనుక ఒక్కొక్కప్పుడు పిక్క లోపలి సిరలో గడ్డకట్టిన రక్తం ఉంటుంది. అది విడిపోయి పైకి పోతే ప్రాణానికే ముప్పు. ఈ సంగతి లోకానికి ఎట్లా తెలిసివచ్చిందో నాలుగు మాటలు చెప్పదలచినాము.

బడిలో రక్తప్రసరణ పాఠం వచ్చినప్పుడు 1628లో గ్రంథం ప్రకటించిన ఇంగ్లండు వైద్యుడు హార్వే పేరు చెబుతాము. అది న్యాయమే. కానీ అంతకు దాదాపు నాలుగు వందల యేండ్ల ముందే, దమస్కులో చదివి కైరోలో వైద్యం చేసిన హకీం ఇబ్నె నఫీస్ అందులో ఒక ముఖ్యభాగం చెప్పినారు. గుండె నడిమి గోడలో కనపడని రంధ్రాలున్నాయని, వాటిగుండా రక్తం కుడినుంచి ఎడమకు పోతుందని పూర్వులు నమ్మేవారు. ఇబ్నె సీనా గారి ఖానూన్‌కు 1242లో వ్యాఖ్య రాస్తూ ఇబ్నె నఫీస్ అది కాదన్నారు. ఆ గోడ గట్టిది, కుడివైపు రక్తం ఊపిరితిత్తులకు పోయి, అక్కడినుంచే ఎడమవైపుకు వస్తుందని రాసినారు. ఆయన గడ్డల సంగతి చెప్పలేదు. అయితే కాలిలో పుట్టిన గడ్డ గుండె కుడిభాగం దాటి ఊపిరితిత్తులలో ఇరుక్కునేది సరిగ్గా ఈ దారిలోనే.

1288లో కన్నుమూస్తూ ఆయన తన ఇంటిని, గ్రంథాలను కైరోలోని మన్సూరీ ఆసుపత్రికి ఇచ్చిపోయినారు. కానీ ఆయన చెప్పిన ఈ విషయం మరుగున పడింది. 1924లో జర్మనీలో చదువుకుంటున్న ఈజిప్టు వైద్యుడు తతావీ బెర్లిన్ గ్రంథాలయంలో ఆ వ్యాఖ్య రాతప్రతిని చూచిన తర్వాతనే ఈ కాలపు లోకానికి తెలిసింది.

ఊపిరితిత్తులలో కనపడే గడ్డలు అక్కడ పుట్టినవి కావు, సిరలలో పుట్టి కొట్టుకొచ్చినవని 19వ శతాబ్దం నడుమ నిరూపించినవాడు జర్మనీ వైద్యుడు విర్చో. గడ్డకు మూడు కారణాలని ఆయన పేరుమీదనే వైద్యులు చెబుతారు: రక్తం కదలక నిలిచిపోవడం, రక్తనాళపు గోడ దెబ్బతినడం, గడ్డకట్టే గుణం హెచ్చడం. 1940లో లండను మీద బాంబులు పడుతున్నప్పుడు జనం నేలమాళిగలలో రాత్రంతా మడతకుర్చీలలోనే కూర్చున్నారు. బాంబు తప్పించుకున్నవారిలో కొందరు ఈ గడ్డవల్ల పోయినారు. కదలకపోవడం ఎంత పని చేస్తుందో అప్పుడు బాగా తెలిసివచ్చింది.

ఈ చరిత్రలో మన తెలుగునాడుకూ చోటుంది. సిరియాలోని హలబ్ పట్టణంలో చాలా యేండ్లు వైద్యుడుగా ఉండిన పాట్రిక్ రస్సెల్ 1780లలో మన విశాఖపట్నం తీరానికి వచ్చినాడు. ఇక్కడి పాములను పరీక్షించి 1796లో గ్రంథం వేసినాడు. మనం రక్తపింజర అనే పామును 'కాటుక రేకుల పొడ' అనే తెలుగు పేరుతోనే అందులో ఎక్కించినాడు. దాని విషం రక్తాన్ని గడ్డకట్టిస్తుంది, గడ్డకట్టే సరుకు అయిపోయినాక రక్తం ఆగకుండా చేస్తుంది. చిన్న వయసులోనే సిరలలో గడ్డలు వచ్చేవారికి, పదే పదే గర్భం పోయేవారికి కారణం వెదకే ఒక రక్తపరీక్షలో ఇప్పుడు ఆ విషాన్నే వాడుతున్నారు.

మందులూ వచ్చినాయి. 1916లో అమెరికాలో ఒక వైద్య విద్యార్థి పని నుంచి హెపారిన్ పుట్టింది. చెడిన మేత తిన్న పశువులు రక్తం కారి చనిపోవడానికి కారణం వెదకగా వచ్చిన వార్ఫరిన్ మొదట ఎలుకల మందు, 1954 నుంచి మనుషుల మందు.

ఇన్ని తెలిసినా మన ఇళ్ళకు చేరకపోతే ఏమి లాభం? కాన్పు తర్వాత ఆరు వారాలు గడ్డ భయం హెచ్చు అంటారు వైద్యులు. మన చిల్లా నలభై రోజులూ దాదాపు అవే రోజులు! బాలింతకు విశ్రాంతి ఇవ్వండి, కానీ మంచానికి కట్టివేయకండి. వైద్యులు సరేనన్నప్పటినుంచి ఇంట్లో నడవనివ్వండి, నీళ్ళు తాగనివ్వండి. హజ్‌కు, గల్ఫ్‌కు విమానమెక్కేవారు, ఆపరేషన్ అయిన పెద్దలు కూడ కాళ్ళు ఆడించాలి. ఒకే కాలు వాచి, నొప్పి, వేడి ఉంటే మర్దన చేయకుండా అదే రోజు డాక్టరుకు చూపించండి. డాప్లర్ స్కాన్‌లో తెలుస్తుంది. ఉన్నట్టుండి ఆయాసం, గుండెల్లో నొప్పి వచ్చినా, దగ్గులో రక్తం పడినా క్షణం ఆగరాదు. సత్యవేడు నుంచి తిరుపతికో చెన్నైకో పోవాలంటే దారిలోనే పొద్దు పోతుంది, కనుక రేపు చూద్దామనవద్దు.

ఇబ్నె నఫీస్ గారి మాట ఆరువందల యేండ్లకు పైగా మరుగున పడింది. ఈ సంచిక కూడ బీరువాలో పడకుండా ఇంట్లో ఆడవారికి ఒకసారి చదివి వినిపించమని మా మనవి. అల్లాహ్ అందరికీ ఆరోగ్యం ప్రసాదించుగాక. ఆమీన్.