రంగం వెళ్ళిన కోరంగీలూ, జనరల్ నే విన్

"ఈ దేశం బాగుపడాలంటే ఓ పదేళ్ళు మిలటరీ పాలన రావాలండీ!" రాజమండ్రి నుంచి కాకినాడ దాకా ఏ టీ కొట్టు దగ్గర నిలబడినా ఈ మాట వినబడుతుంది. మా సాఫ్ట్‌వేర్ ఆఫీసుల కాంటీన్లలోనూ వినబడుతుంది, కాకపోతే అక్కడ ఇంగ్లీషులో. చిత్రమేంటంటే ఆ పాలన రుచి చూసిన తెలుగువాళ్ళు బోలెడుమంది ఉన్నారు. రుచి చూపించినాయన బర్మా జనరల్ నే విన్.

ముందు కోరంగి సంగతి. ఇప్పుడు మడ అడవులు చూడ్డానికి వెళ్తామే, ఆ కోరంగి ఒకప్పుడు పెద్ద రేవు. 1839 తుఫాను ఆ రేవుని ముంచేసింది గానీ, పేరు మాత్రం సముద్రం దాటింది. బర్మాలో తెలుగు కూలీలు ఏ ఊరివాళ్ళయినా సరే, 'కోరంగీ'లే. మనవాళ్ళకేమో రంగూన్ 'రంగం'. రంగం రేవులో బస్తాలు మోసిందీ, బియ్యం మిల్లుల్లో చెమటోడ్చిందీ చాలావరకూ మనవాళ్ళే.

1930 మేలో ఆ రేవు కూలీలు కూలి పెంచమని సమ్మె కట్టారు. కంపెనీలు వాళ్ళ బదులు బర్మావాళ్ళని పెట్టుకుని, సమ్మె తీరగానే పొమ్మన్నాయి. దాంతో రేగిన అల్లర్లలో ఎక్కువగా చచ్చింది మన కూలీలే. తగువు పెట్టింది కంపెనీలు, తన్నుకున్నది ఇద్దరు పేదవాళ్ళు! 'బర్మా మాది' అనే దొబామా ఉద్యమం ఆ ఏడాదే మొదలైంది. తర్వాత్తర్వాత అందులో చేరిన కుర్రాళ్ళలో పోస్టాఫీసు గుమాస్తా షూ మౌంగ్ ఒకడు. ఆయనే నే విన్.

బర్మావాళ్ళ కోపానికి కారణం లేకపోలేదు. 1930ల మాంద్యంలో అప్పులు తీర్చలేక దిగువ బర్మాలో వరి పొలాల్లో దాదాపు నాలుగోవంతు చెట్టియార్ల చేతికి పోయింది. అయితే వడ్డీ వ్యాపారినీ, బస్తా మోసేవాణ్ణీ కలిపి ఒకే గాటన కట్టేశారు. అసలు చిక్కంతా అక్కడే.

1941లో జపాన్ దగ్గర సైనిక శిక్షణ పొందిన 'ముప్ఫైమంది కామ్రేడ్స్'లో నే విన్ ఒకడు. 1947లో ఆంగ్ సాన్ హత్య, 1948లో స్వాతంత్ర్యం, వెంటనే అంతర్యుద్ధం. 1949లో నే విన్ సైన్యాధిపతి అయ్యాడు. 1958లో ప్రధాని ఊ నూ పిలిస్తే ఆపద్ధర్మ ప్రభుత్వం నడిపి, ఎన్నికలు పెట్టి, 1960లో బుద్ధిగా దిగిపోయాడు. అందరూ ఆహా అన్నారు. 1962 మార్చి 2న మళ్ళీ వచ్చాడు, ఈసారి ఎవరూ పిలవకుండా. అదే జులైలో రంగూన్ యూనివర్సిటీలో విద్యార్థులని కాల్చి, వాళ్ళ యూనియన్ భవనాన్ని డైనమైటుతో పేల్చేశారు.

తర్వాత 'బర్మా తరహా సోషలిజం'. బ్యాంకులు, బియ్యం వ్యాపారం, ఆఖరికి 1964లో కొట్లూ జాతీయం. ఆ మేలో 50, 100 క్యాట్ నోట్ల రద్దు. సుమారు మూడు లక్షలమంది భారతీయులు బంగారం, పొదుపు చాలావరకూ అక్కడే వదిలి ఓడలెక్కారు. విశాఖలో బర్మా క్యాంపు అన్న పేరు అలా వచ్చిందే. ఉండిపోయినవాళ్ళకి 1982 చట్టం ఎదురైంది: 1823కి ముందునుంచీ ఉన్న జాతులకే పూర్తి పౌరసత్వం.

మరి పరాయివాళ్ళని పంపేశాక బర్మావాళ్ళు బాగుపడ్డారా? యుద్ధానికి ముందు ప్రపంచంలోకెల్లా ఎక్కువ బియ్యం ఎగుమతి చేసిన దేశం 1987లో ఐక్యరాజ్యసమితి 'అతి వెనకబడిన దేశాల' జాబితాకెక్కింది. అదే ఏడాది 25, 35, 75 క్యాట్ నోట్లు పైసా పరిహారం లేకుండా రద్దు. బదులుగా 45, 90 క్యాట్ నోట్లు. తొమ్మిదో అంకె ఆయనకి కలిసొస్తుందట! 1988 జులైలో దిగిపోతూ, సైన్యం కాలిస్తే గాల్లోకి కాల్చదని హెచ్చరించాడు. ఆగస్టులో నిజంగానే కాల్చింది.

ఆయన్ని మెచ్చుకునేవాళ్ళూ ఉన్నారు. దేశం ముక్కలవకుండా ఆపాడంటారు, పక్కన వియత్నాం తగలబడుతున్నా ప్రచ్ఛన్నయుద్ధంలో తలదూర్చలేదంటారు. రెండోది ఒప్పుకోవాల్సిందే. మొదటిది మాత్రం నాకు ఎక్కదు. సరిహద్దుల్లో తెగల తిరుగుబాట్లు ఆయన ఉన్నంతకాలం సాగాయి, పోయాకా సాగాయి. ఆయన పెంచిన సైన్యమే చివర్లో ఆయన్ని గృహనిర్బంధంలో పెట్టింది. 2002 డిసెంబరులో అక్కడే పోయాడు, అధికార లాంఛనాలేవీ లేకుండా. అదే సైన్యం 2021 ఫిబ్రవరి 1న మళ్ళీ ప్రభుత్వాన్ని లాక్కుంది.

మా భాషలో చెప్పాలంటే మిలటరీ పాలన వెనక్కి తీసుకునే వీలు లేని రిలీజు. తప్పు ఎక్కడుందో చెప్పే పత్రికలుండవు, ఓటుతో దింపే దారుండదు. పదేళ్ళన్నది మనం అనుకునే లెక్క, ఆయన ఉన్నది ఇరవయ్యారేళ్ళు. పైగా అలాంటి పాలనలో తన్ని తగిలేసే జాబితాలో 'పరాయివాడు' ఎవరో మనం తేల్చం. రంగంలో తరతరాలుగా బతికిన కోరంగీలని ఎవరైనా అడిగి తేల్చారా?