ప్రిటోరియస్ చేతులు

పోయిన నెల ఒక రాత్రి ప్రొడక్షన్ డిప్లాయ్‌మెంట్ పూర్తయ్యేదాకా మేలుకుని ఉండాల్సొచ్చింది. కాలక్షేపానికి రెండో మానిటర్లో ‘బ్రైడ్ ఆఫ్ ఫ్రాంకెన్‌స్టైన్’ (1935) పెట్టుకున్నాను. డాక్టర్ ప్రిటోరియస్ తెర మీదికి వచ్చాక ఇక లాగ్స్ చూసింది లేదు. బక్కపల్చటి పొడుగు మనిషి, ముక్కు గద్ద ముక్కు, పెదాల మీద ఎప్పుడూ ఏదో వెక్కిరింపు. గాజు సీసాల్లో జానెడు మనుషుల్ని పెంచుతుంటాడు: ఒక రాజు, ఒక రాణి, ఒక ఆర్చిబిషప్, ఒక మత్స్యకన్య. సమాధుల కింద నేలమాళిగలో ఎముకల పక్కన కూర్చుని తాపీగా భోంచేస్తాడు. భయపడాలో నవ్వాలో తెలీదు. టైటిల్స్‌లో పేరు చూశాను: ఎర్నెస్ట్ థెసిజర్.

ఈ ఇంటిపేరు ఎక్కడో తగిలిందే అనిపించింది. వెతికితే తేలింది. మనం స్కూల్లో మాంటేగ్-చెమ్స్‌ఫర్డ్ సంస్కరణలు అని బట్టీ పట్టాం కదా, ఆ చెమ్స్‌ఫర్డ్ అసలు పేరు ఫ్రెడరిక్ థెసిజర్. 1916 నుంచి 1921 దాకా మనకి వైస్రాయి. రౌలట్ చట్టం, జలియన్‌వాలా బాగ్ ఆయన హయాంలోవే. మన ప్రిటోరియస్ ఆయనకి స్వయానా చిన్నాన్న కొడుకు.

అలాంటి ఇంట్లో 1879లో లండన్‌లో పుట్టాడు ఎర్నెస్ట్. తండ్రి హౌస్ ఆఫ్ లార్డ్స్‌లో పెద్ద ఉద్యోగి. కొడుకేమో చిత్రకారుణ్ణవుతానని స్లేడ్ ఆర్ట్ స్కూల్లో చేరాడు, ముప్ఫై ఏళ్ళొచ్చాక 1909లో స్టేజీ ఎక్కాడు. 1914లో యుద్ధం రాగానే అధికారిగా కాదు, మామూలు సిపాయిగా సైన్యంలో చేరాడు. 1915 మొదటి రోజుల్లో వాళ్ళు తలదాచుకున్న కొట్టం మీద ఫిరంగి గుండు పడింది. తోటివాళ్ళు కొందరు అక్కడే పోయారు. ఇతను బతికాడు గానీ రెండు చేతులూ దెబ్బతిన్నాయి.

అదే ఏడాది లండన్‌లో ‘ఎ లిటిల్ బిట్ ఆఫ్ ఫ్లఫ్’ అనే ప్రహసనంలో వేషం వేశాడు. ఆ నాటకం 1200 పైచిలుకు ప్రదర్శనలు ఆడింది. కొట్టం కూలిన ఏడాదే, చేతులు పూర్తిగా నయమయ్యాయో లేదో, ఊరంతటినీ నవ్వించే పని. ఆ రాత్రుల గురించే నాకు ఎక్కువ ఆలోచన.

ఇంకోపక్క సూదీ దారం. థెసిజర్ ఎంబ్రాయిడరీలో నిజమైన పనివాడు. యుద్ధంలో కాళ్ళో చేతులో పోగొట్టుకుని, మంచం పట్టిన సిపాయిలకి ఈ పని నేర్పితే ఇంట్లో కూర్చునే నాలుగు డబ్బులు సంపాదించుకుంటారు కదా అని ప్రభుత్వ పెన్షన్ల శాఖకి చెప్పాడు. అది మగాళ్ళు చేసే పని కాదని వాళ్ళు కొట్టిపారేశారు. కొట్టంలో గాయపడ్డ మనిషికి మగతనం గురించి ఆఫీసువాళ్ళు చెప్పడం! చివరికి ఒక దాతృత్వ సంస్థ ముందుకొస్తే వికలాంగ సైనికుల ఎంబ్రాయిడరీ పరిశ్రమ మొదలైంది. వాళ్ళ కోసం నమూనాలు తనే గీసిచ్చేవాడు. మేరీ మహారాణి కూడా ఆ పనికి అండగా నిలిచింది. 1941లో దీని మీద ‘అడ్వెంచర్స్ ఇన్ ఎంబ్రాయిడరీ’ అని పుస్తకమే రాశాడు.

ఈ సినిమాల గురించి రాసేవాళ్ళు చాలామంది థెసిజర్‌ని ఒక విడ్డూరపు మనిషిగా తేల్చేసి ముందుకెళ్ళిపోతారు. సన్నటి గొంతు, ఒయ్యారపు నడక, సెట్లో షాట్‌కీ షాట్‌కీ మధ్య కుట్టుపని. మన సినిమాల్లో అయితే ఇలాంటివాణ్ణి ‘ఆడంగి’ అని ఒక్క మాటలో తీసిపారేసేవాళ్ళు, కామెడీ ట్రాకుకి అది చాలు. నిజానికి 1924లో బెర్నార్డ్ షా ‘సెయింట్ జోన్’ మొదటిసారి లండన్‌లో ఆడినప్పుడు సిబిల్ థార్న్‌డైక్ జోన్, ఇతను యువరాజు. అప్పటికి ఇతనికి నలభై అయిదేళ్ళు!

హాలీవుడ్‌కి పిలిచింది జేమ్స్ వేల్. ‘ది ఓల్డ్ డార్క్ హౌస్’ (1932), తర్వాత ఫ్రాంకెన్‌స్టైన్. వేల్ కూడా అదే యుద్ధంలో జర్మన్లకి బందీగా చిక్కినవాడే. శవాల ముక్కల్ని కుట్టి మనిషిని చేసే కథని, ముక్కలైన మనుషుల్ని కళ్ళారా చూసిన ఇద్దరు కలిసి తీశారన్నమాట. అందుకే ప్రిటోరియస్ వెటకారం నాకు ఉట్టి వెటకారంలా అనిపించదు.

అన్నీ కలిసొచ్చాయని కాదు. హెచ్.జి. వెల్స్ ‘థింగ్స్ టు కమ్’లో వేషమిచ్చి, తర్వాత ఇతన్ని తీసేసి సెడ్రిక్ హార్డ్‌విక్‌ని పెట్టుకున్నారు. ఆ తర్వాతవి చాలావరకు చిన్న వేషాలే. అందులో ఒకటి మాత్రం వదలకండి: ‘ది మ్యాన్ ఇన్ ది వైట్ సూట్’ (1951). ఎన్నటికీ చిరగని, మాయని బట్ట కనిపెడితే మిల్లు యజమానులు హడలిపోయే కథ. వాళ్ళందరికీ పెద్ద, ఆయాసంతో ఈల వేసినట్టు ఊపిరి తీసే ముసలి సర్ జాన్ కీర్లా వేషం ఇతనిది. ఉన్నది కాసేపే, కానీ ఇతను గదిలో ఉన్నంతసేపూ మిగతావాళ్ళు నిలబడే తీరే వేరు. 1960లో ప్రభుత్వం సిబిఈ బిరుదిచ్చింది. 1961 జనవరిలో పోయాడు.

డిప్లాయ్‌మెంట్ తెల్లవారుజామున మూడున్నరకి అయింది. పడుకోకుండా, సినిమా చివర్లో పెళ్ళికూతురికి కట్లు విప్పే దగ్గరికి వెనక్కి జరిపి మళ్ళీ చూశాను, ఈసారి ఆ మొహాన్ని వదిలేసి చేతుల్ని మాత్రమే.