పరీక్షామందిరంలో కాలిక్యులేటర్: ఆంధ్రప్రదేశ్ పరీక్షా నిబంధనల చారిత్రక పరిశీలన

వ్యాససంగ్రహం

పాఠశాల స్థాయి పబ్లిక్ పరీక్షల్లోను, వృత్తివిద్యా ప్రవేశపరీక్షల్లోను కాలిక్యులేటర్‌కు చోటు లేదు. ఈ నిషేధం గణితబోధనా సిద్ధాంతం నుంచి పుట్టిందా, పరీక్షల నిఘా అవసరాల నుంచి పుట్టిందా అనే ప్రశ్నను ఈ వ్యాసం పరిశీలిస్తుంది. ఎక్కాలు, లాగరిథమ్ పట్టికలు, ఎలక్ట్రానిక్ పరికరాలు అనే మూడు దశలలో గణనసాధనాల స్థానాన్ని గుర్తించి, డిస్కాల్కులియా గల విద్యార్థులపై నిషేధం చూపే ప్రభావాన్ని చర్చిస్తుంది.

కీలక పదాలు: కాలిక్యులేటర్, ఎక్కాలు, లాగరిథమ్ పట్టికలు, ఎంసెట్, డిస్కాల్కులియా, ఇబ్రహీంపట్నం

1. ఉపోద్ఘాతం

రాష్ట్ర విభజన అనంతరం హైదరాబాదు నుంచి తరలివచ్చిన విద్యాశాఖ కార్యాలయాలలో కొన్ని విజయవాడకు పడమట, హైదరాబాదు రహదారి వెంబడి ఏర్పడ్డాయి. పాఠశాల విద్యా కమిషనరేట్ ఇబ్రహీంపట్నంలోని ఆంజనేయ టవర్స్ నుంచి, ప్రభుత్వ పరీక్షల సంచాలకుల కార్యాలయం గొల్లపూడి నుంచి పనిచేశాయి. పదవ తరగతి విద్యార్థి ఏమి చదవాలో, ఎలా పరీక్ష రాయాలో చెప్పే ఉత్తర్వులు ఈ దారి నుంచే జిల్లాలకు వెళ్ళాయి. ఇబ్రహీంపట్నం మండలంలోనే, జూపూడిలో, ఇంజనీరింగు కళాశాల ఉంది. ఇంజనీరింగు పరీక్షల్లో సైంటిఫిక్ కాలిక్యులేటర్ నిత్యసాధనం. అంతకు కొన్ని నెలల ముందు ప్రవేశపరీక్ష రాసిన రోజున అదే విద్యార్థికి అదే పరికరం నిషిద్ధం. ఈ వైరుధ్యం వయోభేదం వల్ల వచ్చింది కాదు. దీని మూలాన్ని పరీక్షల చరిత్రలో వెతకాలి.

2. ఎక్కాల నుంచి పట్టికల వరకు

తెలుగునాట గణితం మొదటినుంచీ వ్యవహారంతో ముడిపడిన విద్య. మహావీరాచార్యుని గణితసారసంగ్రహాన్ని పావులూరి మల్లన 11వ శతాబ్దిలో తెనిగించాడు. వీధిబడుల్లో ఎక్కాలు వల్లెవేయించడం ప్రధానాంశం. బళ్ళారి కలెక్టరు ఏ.డి. క్యాంప్‌బెల్ 1823లో మద్రాసు ప్రభుత్వానికి పంపిన నివేదిక దేశీయ పాఠశాలల బోధనను వివరించింది. అందులో చదువు, రాతలతో పాటు లెక్కలకూ స్థానం ఉంది. కరణీకానికి, వర్తకానికి నోటిలెక్క జీవనాధారం. కాబట్టి జ్ఞాపకశక్తిని పరీక్షించడమంటే నైపుణ్యాన్ని పరీక్షించడమే.

ఆధునిక పాఠశాల మరొక సాధనాన్ని తెచ్చింది. 1614లో నేపియర్ లాగరిథమ్‌లను ప్రకటించగా, బ్రిగ్స్ వాటిని పది ఆధారంగా సంస్కరించాడు. మనదేశంలో విజ్ఞానశాస్త్ర విద్యార్థులకు క్లార్క్ పట్టికల పుస్తకం చిరపరిచితం. పట్టిక కూడా ఒక గణనసాధనమే. వేరొకరు చేసిన లెక్కను అచ్చులో అందించేదే. అయినా తరగతిగది దానిని అంగీకరించింది. దశాంశబిందువు ఎక్కడ ఉండాలో, ఏ గడిని చూడాలో విద్యార్థి స్వయంగా నిర్ణయించవలసి ఉండటమే అందుకు కారణం. అంటే సాధనం వాడకం దానికదే ఎన్నడూ తప్పు కాలేదు.

3. నిషిద్ధ వస్తువుల జాబితాలో

1972లో హ్యూలెట్ ప్యాకార్డ్ సంస్థ హెచ్‌పీ-35ను విడుదల చేయడంతో లాగరిథమ్, త్రికోణమితి ప్రమేయాలు చొక్కా జేబులోకి వచ్చాయి. దానికి ముందు ఏడాదే ఆంధ్రప్రదేశ్ ఇంటర్మీడియట్ విద్యామండలి ఏర్పడింది. 1986లో ఎంసెట్ మొదలైంది. ఎంసెట్ సూచనలు కాలిక్యులేటర్లను, గణిత పట్టికలను, పేజర్లను, సెల్‌ఫోన్లను ఒకే వాక్యంలో నిషేధించాయి. ఈ జాబితా గమనింపదగినది. తరగతిగదిలో గౌరవం పొందిన లాగరిథమ్ పట్టిక ఇక్కడ సమాచారం చేరవేసే పేజర్ పక్కన నిలిచింది. లెక్క చేసే సాధనానికి, జవాబు దొంగిలించే సాధనానికి భేదం చెరిగిపోయింది.

1997 నాటి 25వ చట్టం పబ్లిక్ పరీక్షల్లో అక్రమాలను నేరంగా పరిగణించింది. 2022లో పదవ తరగతి ప్రశ్నపత్రాలు వాట్సాప్‌లో వెలువడిన తరువాత, 2023లో పరీక్షా కేంద్రాల్లో ఫోన్ నిషేధాన్ని సిబ్బందికి కూడా వర్తింపజేశారు. ఇన్విజిలేటర్ దృష్టిలో బొత్తాలున్న ప్రతి వస్తువూ అనుమానాస్పదమే. ఈ భయం నిరాధారం కాదు. పాఠాన్ని నిల్వచేసుకోగల కాలిక్యులేటర్‌ను సాధారణ పరికరం నుంచి వేరుచేసి గుర్తించడం పరీక్ష మొదలయ్యే వేళ కష్టం. అందరు పిల్లలూ దానిని కొనలేరన్నది మరొక న్యాయమైన అభ్యంతరం.

ఈ రెండు అభ్యంతరాలకూ ఇతరచోట్ల సమాధానాలు వెతికారు. అమెరికాలో శాట్ పరీక్ష 1994లో కాలిక్యులేటర్‌ను అనుమతించింది. 2016 తరువాత కొన్నేళ్ళు కాలిక్యులేటర్ ఉన్న విభాగాన్ని, లేని విభాగాన్ని వేరుచేసింది. మనదేశంలో గేట్ పరీక్ష సొంత పరికరాలను ఆపి, తెరమీదనే అందరికీ ఒకే కాలిక్యులేటర్‌ను ఇస్తోంది. ఆంధ్రప్రదేశ్ ప్రవేశపరీక్ష కూడా 2017 నుంచి కంప్యూటర్ ఆధారితమైంది. అయినా కంప్యూటర్ ఎదుట కూర్చున్న విద్యార్థి చిత్తుకాగితం మీదే గుణకారం చేస్తున్నాడు.

4. ప్రశ్నపత్రంపై ప్రభావం

నిషేధం ప్రశ్నల స్వరూపాన్ని కూడా నిర్ణయించింది. వృత్తవ్యాసార్ధం 7, 14, 21 సెంటీమీటర్లుగా ఉంటుంది. పై విలువ 22/7. కోణాలు 30, 45, 60 డిగ్రీలు. లాగరిథమ్ అవసరమైతే విలువను ప్రశ్నలోనే ఇస్తారు. లెక్క సాఫీగా తెగే సంఖ్యలే పరీక్షకు అర్హమవుతాయి. ఇబ్రహీంపట్నం థర్మల్ కేంద్రం ఉత్పత్తి చేసే విద్యుత్తు, ప్రకాశం బ్యారేజి నుంచి విడుదలయ్యే నీరు వంటి వాస్తవ గణాంకాలు అంత సౌమ్యంగా ఉండవు. అందువల్ల విద్యార్థి తన ఊరి లెక్కను పరీక్షలో ఎదుర్కొనే అవకాశం తక్కువ.

5. మినహాయింపులోని షరతు

నిషేధం బరువు అందరిపై సమానంగా పడదు. 2016 దివ్యాంగుల హక్కుల చట్టం వైకల్యాల సంఖ్యను 7 నుంచి 21కి పెంచి, నిర్దిష్ట అభ్యసన వైకల్యాలలో డిస్కాల్కులియాను పేర్కొంది. అంకెలను గ్రహించడం, గణన చేయడం అసాధారణంగా కష్టమయ్యే స్థితి ఇది. దివ్యాంగుల రాతపరీక్షలపై కేంద్ర ప్రభుత్వం 2013లోను, 2018లోను ఇచ్చిన మార్గదర్శకాలు మాట్లాడే కాలిక్యులేటర్‌ను అనుమతించాయి. అయితే కాలిక్యులేటర్‌కు అనుమతి ఉన్న పరీక్షల్లోనే అన్న షరతు పెట్టాయి. సాధారణ నిషేధం ఉన్నచోట ఈ సదుపాయం కాగితం మీదే మిగులుతుంది. గంటకు కనీసం 20 నిమిషాల అదనపు సమయం, లేఖకుని సహాయం మిగులుతాయి. చేయి కదలని విద్యార్థికి లేఖకుడు చేయి అవుతాడు. లెక్క తెలియని చోట లేఖకుడు లెక్క చేయరాదు. కాలం పొడిగించినంత మాత్రాన అంకె అర్థం కాదు. జ్యామితి నిరూపణ తెలిసిన బాలిక భాగహారం దగ్గర ఆగిపోతే, ఆమె మార్కులు దేనిని కొలిచినట్లు? 2020 పరీక్షలకు సీబీఎస్ఈ ప్రత్యేక అవసరాలు గల విద్యార్థులకు సాధారణ కాలిక్యులేటర్‌ను అనుమతించడం ఈ ప్రశ్నకు ఒక సమాధానం.

6. ముగింపు

ఎక్కాల కాలంలో గణనమే పరీక్షావిషయం. పట్టికల కాలంలో సాధనాన్ని వాడగలగడం విద్యలో భాగం. ఎలక్ట్రానిక్ యుగంలో సాధనం నిఘాకు సంబంధించిన వస్తువు అయింది. ఈ మూడవ దశలో నిబంధనను బోధనాశాస్త్రం కంటే భద్రతావసరం ఎక్కువగా తీర్చిదిద్దింది. భద్రతకు తెరమీది కాలిక్యులేటర్, కేంద్రమే సమకూర్చే సాధారణ పరికరం వంటి మార్గాలున్నాయి. గణనసామర్థ్యాన్ని కొలిచే ప్రశ్నకు నిషేధం సమంజసం. తర్కాన్ని, అన్వయాన్ని కొలిచే ప్రశ్నకు అదే నిషేధాన్ని వర్తింపజేయడానికి వేరే కారణం చూపాలి. డిస్కాల్కులియా గల విద్యార్థి విషయంలో ఆ కారణాన్ని చూపవలసిన బాధ్యత పరీక్షాసంస్థదే.