పొడి అక్షరం వెనక

మార్కాపురం పలకల మీద అక్షరాలు దిద్దుకున్నదాన్ని. పలక మీద రాత తడిగుడ్డతో పోతుంది, కాగితం మీదది నిలుస్తుందని నమ్మేదాన్ని. గిద్దలూరు దగ్గరి పల్లెలో మా అవ్వ పెళ్ళిళ్ళకీ, కలుపుతీతలకీ సొంతంగా పాటలు కట్టేది. ఆమెకి చదువు రాదు. ఇంట్లో మగవాళ్ళొకరు వాటిని నోటుపుస్తకంలోకి ఎక్కించారు. అట్టమీద ఉన్నది మాత్రం రాసినాయన పేరే. జర్మన్ పియానో స్వరకర్త ఫానీ మెండెల్‌సన్ హెన్సెల్ గురించి చదువుతుంటే ఆ అట్టే గుర్తొచ్చింది.

ఫానీ 1805లో హాంబర్గ్‌లో పుట్టి బెర్లిన్‌లో పెరిగింది. తమ్ముడు ఫెలిక్స్‌తో పాటు అవే పాఠాలు నేర్చుకుంది. పద్నాలుగేళ్ళప్పుడు, 1820లో, తండ్రి ఉత్తరం రాశాడు: సంగీతం తమ్ముడికి వృత్తి కావచ్చు, నీకు మాత్రం అలంకారమేనని. ఆమె పాటలు ఆరు తమ్ముడి పేరుతో అచ్చయ్యాయి. 1842లో విక్టోరియా రాణి వాటిలో ఒకటి ఇష్టపడి పాడితే, అది అక్కదని ఫెలిక్స్ ఒప్పుకోవలసి వచ్చింది.

ఫానీ రాయడం ఆపలేదు. ఇంట్లో జరిగే ఆదివారం కచేరీలే ఆమె వేదిక. 1841లో నెలకొకటి చొప్పున పన్నెండు, ముగింపుగా మరొకటి కలిపి 'దాస్ యార్', అంటే 'సంవత్సరం', అనే పియానో రచనల వరుస కూర్చింది. తమ్ముడికి ఇష్టం లేకపోయినా 1846లో, నలభై దాటాక, సొంత పేరుతో సంపుటాలు అచ్చువేయించడం మొదలుపెట్టింది. మరుసటి ఏడు మే 14న, ఆదివారం కచేరీకి సాధన చేయిస్తుండగానే పక్షవాతం వచ్చి, ఆ రోజే చనిపోయింది. ఆమె రచనలు 450 పైచిలుకు. ఎక్కువ భాగం రాతప్రతులుగానే మిగిలాయి.

1828లో ఆమె రాసిన 'ఈస్టర్ సొనాటా' ప్రతి 1970లో పారిస్‌లో దొరికింది. దానిమీద 'ఎఫ్. మెండెల్‌సన్' అని ఉంది. ఎఫ్ అంటే ఫెలిక్సే అనుకున్నారు, ఆయన పేరుతోనే రికార్డు చేశారు. 2010లో ఏంజెలా మేస్ అనే పరిశోధకురాలు చేతిరాతా, పుటల సంఖ్యలూ పోల్చి చూసి అది ఫానీదేనని తేల్చింది. 2017 మార్చి 8న లండన్‌లో దాన్ని ఫానీ పేరుతో వాయించారు.

ఒక పొడి అక్షరం కనిపిస్తే దాని వెనక మగవాడినే ఊహించే అలవాటు మనకీ ఉంది. ఫానీకి కలిగిన ఇల్లుంది, చదువుంది. ఆమె చేతిరాతే ఆమెకి సాక్ష్యం చెప్పింది. మా అవ్వ విషయంలో చేతిరాత ఆమెకే ఎదురు సాక్ష్యం. అక్షరం రాని ఆడవాళ్ళ సృజనకి మరో ఆడదాని జ్ఞాపకమే ఆధారం. అవ్వతో కలిసి పాడిన ముసలమ్మలు ఇద్దరు ఇంకా ఉన్నారు. నోటుపుస్తకం పట్టుకుని వాళ్ళ దగ్గరికి వెళ్తున్నాను. ఏ పాట ఎవరు కట్టారో అడిగి, ప్రతి పాట కిందా పూర్తి పేరు రాస్తున్నాను.