పెన్‌డ్రైవ్‌లో బతికిన ఆట

'కౌంటర్ స్ట్రైక్' పుట్టిందే అనధికారికంగా. వాల్వ్ కంపెనీ తీసిన 'హాఫ్ లైఫ్' మీద మిన్ లే, జెస్ క్లిఫ్ అనే ఇద్దరు అభిమానులు 1999లో అల్లి ఉచితంగా పంచిన మాడ్ అది. మరుసటి ఏడు వాల్వ్ దాన్ని సొంతం చేసుకుని డబ్బాలో పెట్టి అమ్మింది.

చిక్కు 2003 సెప్టెంబరులో మొదలైంది. 1.6 వెర్షన్‌కు తోడు వాల్వ్ సొంత ఆన్‌లైన్ వేదిక స్టీమ్ వచ్చింది. అప్పటిదాకా ఆన్‌లైన్ ఆటకు వాడిన పాత వాన్ (WON) నెట్‌వర్క్‌ను 2004 జులై 31న మూసేశారు. ఇక ఆన్‌లైన్‌లో ఆడాలంటే స్టీమ్ ఖాతా ఉండాల్సిందే. ఆ తనిఖీని దాటేసిన కాపీలకే 'నాన్ స్టీమ్' అని పేరు. హైదరాబాద్ నెట్ సెంటర్లలో ల్యాన్ మీద 'డస్ట్ టూ' మ్యాప్ ఆడిన కుర్రాళ్లలో చాలామందికి తెలిసిన 1.6 ఇదే. పెన్‌డ్రైవ్‌లో వచ్చేది, ఖాతా అడిగేది కాదు. స్టీమ్‌లో ధరలు 2015 నవంబరులో గానీ రూపాయల్లో కనబడలేదు.

ఆ కాపీ ఇన్నాళ్లు బతకడానికి డబ్బు ఒక కారణం, పాత కంప్యూటరు ఇంకో కారణం. హాఫ్ లైఫ్‌కు 133 మెగాహెర్ట్జ్ ప్రాసెసర్, 24 ఎంబీ ర్యామ్ చాలు. కౌంటర్ స్ట్రైక్ 2కు డిస్క్‌లో 85 జీబీ చోటు కావాలి. అయినా నా దృష్టిలో అసలు కారణం సర్వరు. సర్వర్ ప్రోగ్రాంను వాల్వ్ అందరికీ ఉచితంగా ఇచ్చింది. దానికి ఏఎంఎక్స్ మాడ్ ఎక్స్ అనే అదనపు సాఫ్ట్‌వేర్ తగిలిస్తే ఎవరి సర్వర్లో వారిదే రాజ్యం. ఒకచోట జాంబీలు, ఒకచోట డెత్‌రన్, మరోచోట ఏటవాలు గోడల మీద జారుతూ పోయే సర్ఫ్. హాఫ్ లైఫ్‌కు ఆధారమైన క్వేక్ ఇంజిన్ నుంచి వచ్చిన ఆ గాల్లో మలుపు తిరిగే నడక లేకపోతే సర్ఫ్ లేనే లేదు. వేళ్లకు అలవాటైన ఆ నడకను కొత్త వెర్షన్ ఏదీ అచ్చంగా తిరిగి ఇవ్వలేదు. 2023లో అంతకుముందరి వెర్షన్ సీఎస్ గో స్థానంలోకి కౌంటర్ స్ట్రైక్ 2ను తెచ్చిపెట్టారు. పెన్‌డ్రైవ్‌లోని 1.6ను అలా మార్చడం ఎవరి తరమూ కాదు.

ఈ స్వేచ్ఛకు మూల్యమూ ఉంది, అది చిన్నది కాదు. స్టీమ్‌లో కనబడే సుమారు 5,000 సర్వర్లలో 1,951 బెలోనార్డ్ అనే ట్రోజన్ సృష్టించినవేనని 2019 మార్చిలో డాక్టర్ వెబ్ సంస్థ బయటపెట్టింది. సర్వర్‌లో చేరితే చాలు, ఆటలోని లోపాల గుండా కంప్యూటరులోకి దూరేది. అసలు కాపీ, దొంగ కాపీ అన్న తేడా కూడా దానికి లేదు. ఇక సర్వర్ ప్రోగ్రాంలోని లోపాల సంగతి అభిమానులే చూసుకుంటున్నారు. ఆ ప్రోగ్రాంను విప్పి, కోడ్‌ను మళ్లీ రాసి, రీహెచ్ఎల్‌డీఎస్ పేరుతో అందరికీ ఉచితంగా పంచారు.