సియాటిల్ మెరైనర్స్ 2001 సీజన్

అమెరికా మేజర్ లీగ్ బేస్‌బాల్‌లో సియాటిల్ మెరైనర్స్ జట్టు 2001లో 162 ఆటలాడి 116 గెలిచింది, 46 ఓడింది. అమెరికన్ లీగ్‌లో ఒకే సీజన్‌లో ఇన్ని విజయాలు సాధించిన జట్టు అంతకుముందు లేదు, ఆ తర్వాతా రాలేదు. రెండు లీగ్‌లనూ కలిపి చూస్తే 1906 నాటి చికాగో కబ్స్ ఒక్కటే దీని సరసన ఉంది. మెరైనర్స్ మాత్రం వరల్డ్ సిరీస్ మెట్టు ఎక్కలేదు. అమెరికన్ లీగ్ చాంపియన్‌షిప్ సిరీస్‌లో న్యూయార్క్ యాంకీస్ చేతిలో 4–1 తేడాతో ఓడిపోయింది.

ఈ రికార్డును ఎలా నమోదు చేయాలన్న విషయంలో గ్రంథకర్తల మధ్య ఏకాభిప్రాయం లేదు. కబ్స్ తమ 116 విజయాలను 152 ఆటల్లోనే సాధించింది కాబట్టి, విజయ శాతం ప్రకారం (76.3) దానికే అగ్రస్థానం ఇచ్చేవారున్నారు. మెరైనర్స్ శాతం 71.6. లెక్క వరకు ఆ వాదన సరైనదే. అయితే 1906 నాటి లీగ్‌లో నల్లజాతి ఆటగాళ్లకు ప్రవేశం లేదు, ఫ్లడ్‌లైట్ల ఆటలు లేవు, సెయింట్ లూయిస్ దాటి పడమరకు ప్రయాణమే లేదు. ఆ పరిస్థితులను కూడా లెక్కలోకి తీసుకుంటే సియాటిల్ 116కే బరువు ఎక్కువని ఈ వ్యాసకర్త అభిప్రాయం. చివరి ఘట్టంలో మాత్రం రెండు జట్లదీ ఒకే గతి. కబ్స్ కూడా ఆ ఏడాది వరల్డ్ సిరీస్‌లో సొంత ఊరి వైట్ సాక్స్ చేతిలో ఓడింది.

నేపథ్యం

మూడేళ్లలో ముగ్గురు మహా ఆటగాళ్లు జట్టును వదిలి వెళ్లారు. పిచర్ రాండీ జాన్సన్‌ను 1998 జులై 31న హ్యూస్టన్‌కు ఇచ్చేశారు. సెంటర్ ఫీల్డర్ కెన్ గ్రిఫీ జూనియర్ 2000 ఫిబ్రవరిలో సిన్సినాటికి వెళ్లాడు. షార్ట్‌స్టాప్ అలెక్స్ రోడ్రిగెజ్ 2000 డిసెంబరులో పదేళ్లకు 25.2 కోట్ల డాలర్ల ఒప్పందంతో టెక్సాస్ రేంజర్స్‌లో చేరాడు. దీంతో జట్టు పని అయిపోయిందన్న మాట ఆ శీతాకాలంలో గట్టిగానే వినిపించింది.

నిజానికి 2001 జట్టులో చాలా భాగం ఆ నిష్క్రమణల ఫలితమే. జాన్సన్‌ను ఇచ్చినప్పుడు ప్రతిగా వచ్చినవారు ఫ్రెడీ గార్సియా, కార్లోస్ గియెన్, జాన్ హలామా. గ్రిఫీకి బదులుగా వచ్చినవారిలో మైక్ క్యామెరాన్ ఉన్నాడు. 1999 చివర్లో జనరల్ మేనేజర్ బాధ్యత చేపట్టిన పాట్ గిలిక్ ఖరీదైన పేర్ల వెంట పడకుండా, స్థిరంగా ఆడే అనుభవజ్ఞులను ఏరి తెచ్చారు. జాన్ ఒలెరుడ్, ఆరన్ సీల్, ఆర్థర్ రోడ్స్, మార్క్ మెక్‌లెమోర్ ఆ కోవలోనివారు. జపాన్ నుంచి క్లోజర్ (ఆట చివర్లో దిగే పిచర్) కజుహిరో సాసాకిని రప్పించారు. 2000లోనే జట్టు 91 విజయాలతో వైల్డ్ కార్డ్ ద్వారా ప్లేఆఫ్స్ చేరి, చాంపియన్‌షిప్ సిరీస్‌లో యాంకీస్ చేతిలోనే 4–2తో ఓడింది. కాబట్టి 2001 విజయం ఆకాశం నుంచి ఊడిపడిందనే కథనాలను కొంత తగ్గించి చదవాలి.

ఆ శీతాకాలంలో జట్టులోకి వచ్చినవారిలో ఇద్దరి గురించి ప్రత్యేకంగా చెప్పాలి. ఒకరు రెండో బేస్ ఆటగాడు బ్రెట్ బూన్. రెండోవారు ఇచిరో సుజుకి. అతనితో చర్చలు జరిపే హక్కు కోసమే సియాటిల్ ఒరిక్స్ బ్లూవేవ్ జట్టుకు 1.3125 కోట్ల డాలర్లు చెల్లించింది. జపాన్ పిచర్లు అప్పటికే అమెరికాలో ఆడుతున్నా, రోజూ బరిలో దిగే బ్యాటర్‌గా జపాన్ నుంచి ఎవరూ రాలేదు. అదే వసంతంలో మెట్స్ తరఫున దిగిన త్సుయోషి షింజో, ఇచిరో ఇద్దరే ఆ దారిలో మొదటివారు. ఇచిరో సన్నని దేహంతో అమెరికన్ పిచర్ల వేగాన్ని తట్టుకోలేడని సందేహించినవారు తక్కువేమీ కాదు.

లీగ్ దశ

ఏప్రిల్‌లో జట్టు 20 గెలిచి 5 ఓడింది. డివిజన్ పోటీ ఒక రకంగా అక్కడే ముగిసిపోయింది.

ఏప్రిల్ 11న ఓక్లండ్‌లో జరిగిన ఒక సంఘటనను ఈ సీజన్ గురించి రాసిన వారందరూ ప్రస్తావిస్తారు. ఎనిమిదో ఇన్నింగ్స్‌లో ఓక్లండ్ ఆటగాడు టెరెన్స్ లాంగ్ మొదటి బేస్ మీద ఉన్నాడు. రామోన్ హెర్నాండెజ్ కొట్టిన బంతి రైట్ ఫీల్డ్‌లోకి వెళ్లింది. వేగంగా పరుగెత్తగల లాంగ్ రెండో బేస్ దాటి మూడోదానికి బయల్దేరాడు. మామూలుగా అది సులువుగా అందే బేస్. ఇచిరో ముందుకొస్తూ బంతిని అందుకొని, ఎక్కడా నేలకు తగలనివ్వకుండా ఒకే విసురులో మూడో బేస్ దగ్గరున్న డేవిడ్ బెల్ చేతికి చేర్చాడు. బెల్ గ్లవ్‌ను కదపాల్సిన అవసరం దాదాపు రాలేదు. లాంగ్ తనంతట తానే వచ్చి దానికి తగిలినట్టయింది. ఆ తర్వాత ఇచిరో చేతిలో బంతి ఉండగా అదనపు బేస్ కోసం సాహసించే ముందు ప్రత్యర్థులు రెండుసార్లు ఆలోచించారు.

ఇచిరో ఆ సీజన్‌లో 242 హిట్లు కొట్టాడు. ఒక రూకీకి (తొలి సీజన్ ఆటగాడికి) ఇదే రికార్డు. సగటు .350, దొంగిలించిన బేస్‌లు 56, రెండింటిలోనూ లీగ్‌లో ప్రథముడు. రూకీ ఆఫ్ ద ఇయర్, అత్యంత విలువైన ఆటగాడు పురస్కారాలు ఒకే ఏడాది అందుకున్నాడు. అంతకుముందు ఆ ఘనత 1975లో ఫ్రెడ్ లిన్‌కు మాత్రమే దక్కింది. అయితే రన్నులు సమకూర్చిపెట్టిన లెక్కలో బూన్‌ది ఏమాత్రం తక్కువ పాత్ర కాదు. .331 సగటుతో 37 హోమ్ రన్లు, 141 ఆర్‌బీఐలు (తన బ్యాటింగ్‌తో చేయించిన రన్నులు). రెండో బేస్ స్థానంలో ఆడేవారి నుంచి అంతటి బ్యాటింగ్ అరుదు. ఎడ్గర్ మార్టినెజ్ 116, క్యామెరాన్ 110 ఆర్‌బీఐలు జోడించారు.

పిచింగ్ విభాగంలో 38 ఏళ్ల జేమీ మోయర్ 20 ఆటలు గెలిచాడు. వేగం లేని బంతులతో, కేవలం గురితో, మార్పులతో సాధించిన లెక్క అది. గార్సియా 18 గెలిచాడు. అతని ఈఆర్‌ఏ (తొమ్మిది ఇన్నింగ్స్‌లకు సగటున ఇచ్చిన ఎర్న్‌డ్ రన్నులు) 3.05 లీగ్‌లో అత్యుత్తమం. పాల్ అబట్ 17, సీల్ 15 గెలిచారు. చివరి ఇన్నింగ్స్‌ల బాధ్యత మోసినవారిలో రోడ్స్ ఈఆర్‌ఏ 1.72, సాసాకి సేవ్‌లు 45.

జట్టు మొత్తం 927 రన్నులు చేసి 627 మాత్రమే ఇచ్చింది. మేజర్ లీగ్‌లో అందరికంటే ఎక్కువ చేసిందీ, అందరికంటే తక్కువ ఇచ్చిందీ ఈ జట్టే. రన్నుల నిష్పత్తి నుంచి విజయాలను అంచనా వేసే సూత్రాల ప్రకారం, వాడే ఘాతాన్ని బట్టి, 109 నుంచి 111 విజయాలు రావాలి. కాబట్టి కొంత అదృష్టం కలిసొచ్చిందన్న మాటలో నిజం ఉంది. కానీ ఆ కొంత తీసేసినా ఇది బేస్‌బాల్ చూసిన గొప్ప జట్లలో ఒకటిగానే నిలుస్తుంది. సొంత మైదానంలో 57–24, బయట 59–22. సియాటిల్ సేఫ్‌కో ఫీల్డ్‌కు ఆ ఏడాది 35 లక్షలకు పైగా ప్రేక్షకులు వచ్చారు.

జులై 10న ఆల్‌స్టార్ ఆట కూడా అక్కడే జరిగింది. ఎనిమిది మంది మెరైనర్స్ ఆటగాళ్లు ఎంపికయ్యారు. గార్సియాకు విజయం, సాసాకికి సేవ్ దక్కాయి.

ఆగస్టు 5

క్లీవ్‌లాండ్‌లో ఆ రోజు మెరైనర్స్ 14–2 ఆధిక్యంలో ఉంది. ఓటమి ఖాయమనుకొని క్లీవ్‌లాండ్ మేనేజర్ చార్లీ మాన్యుయెల్ కొందరు ప్రధాన బ్యాటర్లను విశ్రాంతికి పంపేశాడు. ఆ తర్వాత క్లీవ్‌లాండ్ ఏడో ఇన్నింగ్స్‌లో మూడు, ఎనిమిదిలో నాలుగు, తొమ్మిదిలో ఐదు రన్నులు చేసింది. చివరి మూడు రన్నులు ఇద్దరు అవుటై, బేస్‌లన్నీ నిండి, బంతుల లెక్క కూడా పూర్తిగా నిండిన (ఫుల్ కౌంట్) స్థితిలో ఓమార్ విజ్కెల్ కొట్టిన ట్రిపుల్‌తో వచ్చాయి. 11వ ఇన్నింగ్స్‌లో క్లీవ్‌లాండ్ 15–14తో గెలిచింది. కొన్ని కథనాలు దీన్ని చరిత్రలో అతిపెద్ద పునరాగమనంగా పేర్కొంటాయి. 1911లో డెట్రాయిట్, 1925లో ఫిలడెల్ఫియా అథ్లెటిక్స్ కూడా 12 రన్నుల లోటు పూడ్చినందున సమానమైనది అనడమే సరైనది.

జట్టు పతనం ఇక్కడే మొదలైందన్న వ్యాఖ్య తరచుగా కనిపిస్తుంది. అంకెలు దాన్ని బలపరచవు. ఆ ఓటమితో 80–31 వద్ద ఉన్న జట్టు, మిగిలిన 51 ఆటల్లో 36 గెలిచింది.

సెప్టెంబరు

సెప్టెంబరు 11 దాడుల రోజున జట్టు అనహైమ్‌లో ఉంది. అప్పటికి లెక్క 104–40. వారం పాటు ఆటలు ఆగిపోయాయి. సెప్టెంబరు 19న సియాటిల్‌లో అనహైమ్ ఏంజెల్స్‌ను ఓడించి డివిజన్ ఖాయం చేసుకున్నప్పుడు షాంపేన్ పొంగలేదు, కేరింతలు లేవు. ఆటగాళ్లు మైదానం మధ్యలో మోకాళ్ల మీద కూర్చొని మౌనం పాటించారు. మెక్‌లెమోర్ జాతీయ పతాకాన్ని పట్టుకొని ముందు నడవగా, అందరూ మైదానం చుట్టూ తిరిగి ప్రేక్షకులకు అభివాదం చేశారు. క్రీడాచరిత్రలో విజయాన్ని ఇంత హుందాగా స్వీకరించిన సందర్భాలు ఎక్కువ లేవు.

అక్టోబరు 6న టెక్సాస్‌పై 1–0తో 116వ విజయం వచ్చింది. మర్నాడు 4–3 ఓటమితో 117వది చేజారింది. రెండో స్థానంలో ఉన్న ఓక్లండ్ 102 ఆటలు గెలిచి కూడా 14 ఆటల దూరంలో ఆగిపోయింది. రోడ్రిగెజ్ చేరిన టెక్సాస్ 73 విజయాలతో అట్టడుగున నిలిచింది.

ప్లేఆఫ్స్

డివిజన్ సిరీస్‌లో ప్రత్యర్థి మళ్లీ క్లీవ్‌లాండ్. మొదటి ఆట 5–0తో, మూడోది 17–2తో పోయాయి. మోయర్ రెండుసార్లు, గార్సియా ఒకసారి జట్టును ఒడ్డుకు చేర్చి సిరీస్‌ను 3–2తో గెలిపించారు. ఇచిరో 20 ప్రయత్నాల్లో 12 హిట్లు కొట్టాడు. ఐదు ఆటల్లో కలిపి సియాటిల్ చేసినవి 16 రన్నులు, ఇచ్చినవి 26. ఈ తేడాను బట్టి చూస్తే జట్టు అలసట అప్పటికే బయటపడిందనుకోవచ్చు.

యాంకీస్‌తో సిరీస్ సియాటిల్‌లో మొదలైంది. సొంత మైదానంలోనే మొదటి రెండు ఆటలు 4–2, 3–2తో చేజారాయి. మళ్లీ ఆరో ఆటకు సియాటిల్ వస్తామని మేనేజర్ లూ పినియెల్లా విలేకరుల ముందు హామీ ఇచ్చారు. దీన్ని కొందరు అతిశయంగా, కొందరు ఆటగాళ్లకు ధైర్యం నూరిపోసే ప్రయత్నంగా రాశారు. పినియెల్లా స్వయంగా 1977, 1978ల్లో యాంకీస్‌తో వరల్డ్ సిరీస్ గెలిచిన మనిషి. యాంకీస్ మైదానం ఎంత కఠినమైనదో తెలిసిన ఆయన నోట వచ్చినందున రెండో వ్యాఖ్యానమే సహజంగా తోస్తుంది. న్యూయార్క్‌లో మూడో ఆటను సియాటిల్ 14–3తో గెలిచింది కూడా.

సిరీస్ తేలింది అక్టోబరు 21న, నాలుగో ఆటలో. అబట్ ఐదు ఇన్నింగ్స్‌లు వేసి ఎనిమిది వాక్‌లు ఇచ్చినా ఒక్క హిట్ ఇవ్వలేదు. ఎనిమిదో ఇన్నింగ్స్‌లో బూన్ హోమ్ రన్‌తో సియాటిల్ 1–0 ఆధిక్యం సాధించింది. అదే ఇన్నింగ్స్ రెండో సగంలో రోడ్స్ విసిరిన బంతిని బెర్నీ విలియమ్స్ ప్రేక్షకుల్లోకి పంపి సమం చేశాడు. తొమ్మిదిలో సాసాకి మీద స్కాట్ బ్రోషియస్ ఇన్‌ఫీల్డ్ సింగిల్ తీశాడు. వెంటనే రూకీ అల్ఫోన్సో సోరియానో రెండు రన్నుల హోమ్ రన్‌తో ఆట ముగించాడు. సోరియానో 1997లో జపాన్‌లోని హిరోషిమా కార్ప్ తరఫున ఆడినవాడు. మర్నాడు 12–3తో అంతా ముగిసింది. ఆండీ పెటిట్ సిరీస్ ఉత్తమ ఆటగాడయ్యాడు.

ఓటమికి కారణాలపై పలు వాదనలున్నాయి. షార్ట్‌స్టాప్ గియెన్‌కు సెప్టెంబరు చివర్లో క్షయ బయటపడడంతో అతడు డివిజన్ సిరీస్‌కు దూరమయ్యాడు. సెప్టెంబరు విరామం లయ తప్పించిందన్నది ఇంకొక మాట. విరామం తర్వాత జట్టు 12–6తో ఆడింది కాబట్టి దానికి కొంత ఆధారం ఉంది, మరీ ఎక్కువ కాదు. మైదానంలో జరిగిందాన్ని దగ్గరగా చూస్తే అసలు కారణం యాంకీస్ పిచింగే అనిపిస్తుంది. లీగ్ దశలో ఆటకు సగటున 5.7 రన్నులు చేసిన జట్టు, ఓడిన నాలుగు ఆటల్లో కలిపి ఎనిమిదే చేసింది. ఇచిరో 18 ప్రయత్నాల్లో నాలుగు హిట్లకే పరిమితమయ్యాడు. సిరీస్ మొత్తంలో రన్నుల తేడా 25–22 మాత్రమే.

తరువాత

యాంకీస్ వరల్డ్ సిరీస్‌లో అరిజోనా చేతిలో ఏడు ఆటల్లో ఓడింది. అరిజోనాను గెలిపించిన పిచర్లలో ఒకడు సియాటిల్ వదులుకున్న రాండీ జాన్సన్.

మెరైనర్స్ 2002లోనూ, 2003లోనూ 93 చొప్పున గెలిచినా ప్లేఆఫ్స్ చేరలేదు. పినియెల్లా 2002 తర్వాత వెళ్లిపోయారు. ఆపై ప్లేఆఫ్స్ ముఖం చూడడానికి 2022 దాకా ఆగాల్సి వచ్చింది. 2001 జట్టు నుంచి గిలిక్ 2011లో, మార్టినెజ్ 2019లో, ఇచిరో 2025లో హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేరారు. ఇచిరోకు 394 ఓట్లలో 393 పడ్డాయి.